నూట ముప్పై ఒకటో పాట

యేసుదానం గారి తలలో పాటలకు పేర్లు లేవు, నంబర్లే ఉన్నాయి. సంఘం పాటల పుస్తకంలో ఉన్న వరసలోనే అవి ఆయన లోపల వీధి దీపాల్లా నిలబడి ఉంటాయి. ఏ దీపం కావాలంటే ఆ దీపం వెలుగుతుంది. పొద్దు వాలే వేళ బస్సు యమున మీది వంతెన దాటుతుంటే, కింద రెల్లు బంగారంలా ఊగుతుంటే, పక్క సీటు మనిషి "వాహ్" అంటాడు. ఈయన "డెబ్భై రెండు" అంటారు. అది సాయంకాలపు ప్రార్థన పాట.

ఆయనది రేపల్లె వైపు. ఫరీదాబాద్‌లో ట్రాక్టర్ల విడిభాగాలు చేసే ఫ్యాక్టరీలో స్టోర్స్ చూస్తారు. కాపురం ఢిల్లీ మయూర్ విహార్‌లో, మూడో అంతస్తు ఫ్లాటులో. భార్య సరళకుమారి పెద్ద ఆసుపత్రిలో నర్సు. ఇద్దరి సంసారం సగం నంబర్లలోనే నడుస్తుంది. కూరలో ఉప్పు ఎక్కువైతే యేసుదానం గారు ముద్ద మింగి, "సరళా, ఇవాళ ఎనభై తొమ్మిది" అంటారు. అది సముద్రం మీద తుఫాను పాట. "అయితే నూట పదహారు పాడుకోండి" అంటుంది ఆవిడ. అది ఓర్పు గురించి. కాలేజీకి వెళ్ళే కూతురు అక్సాకు ఈ భాష అర్థం కాదు. "ఆప్ దోనోం పాగల్ హో, ఇద్దరికీ పిచ్చే" అని ప్లేటు పట్టుకుని టీవీ ముందుకు పోతుంది.

ఆదివారం సాయంత్రాలు ఒక స్కూలు హాల్లో కూడే తెలుగు క్రైస్తవ సంఘానికి ఆయన పాటల పెద్ద. పొడుగ్గా, నిటారుగా, దువ్విన తెల్ల మీసంతో ముందుకొచ్చి, నంబరు చెప్పి, కళ్ళు మూసుకుని పాట ఎత్తుకుంటే, ఆయన గొంతు మొదటి వరుస మీదుగా మెల్లగా లేచి చివరి వరుసలో నిద్రపోతున్న పసిపిల్లల మీద దుప్పటిలా దిగేది. సినిమా బాణీ పొరపాటున కూడా ఆ హాలు గడప తొక్కడానికి వీల్లేదు. మెయిన్ రోడ్డు మీద ఆటోలో పాట వినబడితే ఆయన వెళ్ళి కిటికీ మూసేసేవారు.

గొడవ క్రిస్మస్‌నాడు వచ్చింది. నోయిడాలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేసే నథానియేలు అనే కుర్రాడు కీబోర్డు వాయిస్తాడు. మంచివాడే. ఆ రోజు పాట మధ్యలో ఏదో మీట నొక్కాడు. డుగుడుగు డుగుడుగు అని తాళం మొదలైంది. సంఘంలో సగం మంది చప్పట్లు కొట్టారు. యేసుదానం గారు చెయ్యెత్తి పాటను ఆపేశారు.

"నథానియేలూ, ఇది ప్రభువు పుట్టిన రోజా, పెళ్ళికొడుకు ఊరేగింపా?"

"పుట్టినరోజైతే సందడి ఉండాలి కదా అంకుల్?"

ఆ మాటకు నవ్విన వాళ్ళు, నవ్వని వాళ్ళు అని సంఘం రెండుగా చీలింది. ఈస్టరు తెల్లవారుజామున మైదానంలో జరిగే ఆరాధనకు పాట ఎవరు నడిపించాలి, ఆయనా, కుర్రాడా? కమిటీ తేల్చలేక, ప్రతి ఏటా ఈస్టరు ప్రసంగానికి రేపల్లె నుంచి వచ్చే పాస్టరు అంకయ్యగారి మీద భారం పెట్టింది. ఆయన శనివారం రైలు దిగి, యేసుదానం గారికి ఫోన్ చేసి, రెండు వైపులా విని తీర్పు చెప్తారు. ఎస్టీడీ ఖర్చు దండగని ఆయన ఢిల్లీలో కాలు పెట్టేదాకా ఎవరికీ ఫోన్ చెయ్యరు.

ఫోన్ అంటే యేసుదానం గారి సెల్‌ఫోనే. సరళకుమారి కొనిచ్చింది. చొక్కా జేబులో, పాటల పుస్తకం పక్కన, అది ఎప్పుడూ నిద్రపోతూ ఉండేది. మధ్యాహ్నం భోజనం వేళకు ఆసుపత్రి డ్యూటీ రూము ఫోన్ నుంచి ఆవిడ చేసి "తిన్నారా" అని అడిగేది. "తిన్నాను" అనేవారు. మళ్ళీ రేపటిదాకా నిద్రే. బయట ప్రపంచమంతా కిలకిలమంటుంటే తన జేబులో మాత్రం చలికాలం కాపురముందని ఆయనకు లోపల్లోపల చిన్న దిగులు.

ఈస్టరుకు ముందు నలభై రోజుల శ్రమల దినాలు మొదలైన వారంలో ఒక సాయంత్రం, బస్సులో ఉండగా, ఆ ఫోన్ తనంతట తనే మోగింది. ఎత్తితే ఆడగొంతు. తేనెలో ముంచి ఆరబెట్టిన హిందీ.

"నమస్కార్! ఇకమీదట మీకు ఫోన్ చేసేవాళ్ళు ట్రింగ్ ట్రింగ్ అని వినాల్సిన పని లేదు. మీకిష్టమైన పాట వింటారు. దయచేసి పాట నంబరు నొక్కండి."

యేసుదానం గారి వెన్ను నిటారైంది. పాట నంబరు! ఇన్నేళ్ళ ఢిల్లీ జీవితంలో సంఘం బయట ఆయన్ను పాట నంబరు అడిగిన మొదటి ప్రాణి ఇదే. పాటలకు నంబర్లుంటాయని ఈ ఊళ్ళో ఒకరికి తెలుసు. అవి ఏ పుస్తకంలో నంబర్లు అని ఆయనకు అనుమానమే రాలేదు. వాన ఒకటే, ఎండ ఒకటే, పాటల నంబర్లూ ఒకటే.

నూట ముప్పై ఒకటి నొక్కారు. సిలువ కింద నిలబడి కన్నీళ్ళతో పాడే పాట. శ్రమల దినాలకు అంతకంటే తగినది లేదు.

"ఆప్కీ పసంద్ లాజవాబ్ హై" అంది ఆ గొంతు, మీ ఎంపికకు సాటి లేదని.

"మీరు కూడా ఆశీర్వదింపబడుదురు గాక, అమ్మా" అన్నారు యేసుదానం గారు, తెలుగులో. ఆమె అప్పటికే వెళ్ళిపోయింది.

ఆదివారం నాడు ప్రకటనల సమయంలో ఆయన ముందుకొచ్చారు. "సంఘ సభ్యులకు మనవి. నా ఫోన్ కూడా ఇప్పుడు సేవ చేస్తోంది. నూట ముప్పై ఒకటి పెట్టాను. అందరూ ఫోన్ చేసి, విని, మేలు పొందవలసిందిగా కోరుతున్నాను."

అందరూ ఫోన్ చేశారు. విన్నారు.

ఆ కంపెనీ లెక్కలో నూట ముప్పై ఒకటి వేరే పాట. జడివానలో హీరోయిన్ తడుస్తూ, ఆయాసపడుతూ, డోలక్ దరువు మీద హీరోతో అంటుంది: నీ మీసం మీద ఆగిన చినుకును నేను, తుడుచుకోకు, తుడుచుకోకు. "తుడుచుకోకు" అన్నప్పుడల్లా వెనక నలభై మంది ఆడవాళ్ళు "హాయ్ హాయ్" అంటారు.

కాలర్ ట్యూను సంగతి ఏమిటంటే, పెట్టుకున్నవాడికి తప్ప లోకమంతటికీ వినబడుతుంది.

ఆ రోజు నుంచి యేసుదానం గారి జేబులో వసంతం వచ్చింది. పొద్దున మోగేది, బస్సులో మోగేది, స్టోర్స్‌లో బేరింగుల పెట్టెల మధ్య మోగేది. మొదట్లో ఆయన వెంటనే ఎత్తేవారు. అవతల నిరాశ.

"అయ్యో, ఎత్తేశారా అంకుల్?"

"ఏం బాబూ, ఏమైనా ప్రార్థన అవసరమా?"

"అదేం లేదంకుల్. కాసేపాగి ఎత్తండి. మళ్ళీ చేస్తాను."

పాట వినాలని వాళ్ళకున్న దాహం చూసి ఆయన కళ్ళు చెమర్చాయి. అప్పటినుంచి ఫోన్ మోగితే ఎత్తకుండా, అరచేతిలో దీపంలా పట్టుకుని, కళ్ళు మూసుకుని, లోపల నూట ముప్పై ఒకటి పాడుకునేవారు. మొదటి చరణం అయ్యేదాకా మోగనిచ్చి, అప్పుడు ఎత్తి, లోతైన గొంతుతో "ఆమేన్" అనేవారు. అవతల ఎవరో నోరు మూసుకుని ఊపిరి బిగబట్టుకున్న చప్పుడు. పశ్చాత్తాపపు ఏడుపని ఆయన అనుకున్నారు.

ఎవరూ చెప్పలేదు. పెద్దమనిషితో ఎలా చెప్తారు? పిల్లలకు చెప్పాలని లేదు. కమిటీవాళ్ళు ఆయన కుర్రకారును ఆకట్టుకోవడానికి కొత్త దారి తొక్కుతున్నాడనుకున్నారు. కింది అంతస్తు ఛాయాదేవి ఆంటీ మాత్రం లైన్లు కలిసిపోయాయనుకుని, ఆ వానలో తడుస్తున్న అమ్మాయి ఎవరో గానీ జలుబు చెయ్యకుండా ఉండాలని రెండు రోజులు ప్రార్థించింది.

ఇక సరళకుమారి. ఆవిడ సోమవారం డ్యూటీ రూము నుంచి ఎప్పటిలాగే ఫోన్ చేసింది. చినుకు పాట మొదలైంది. రాంగ్ నంబరనుకుని పెట్టేసి, మళ్ళీ చేసింది. మళ్ళీ చినుకే. మీసం అనే మాట దగ్గర ఆవిడ చెయ్యి ఆగిపోయింది. ఆయన మీసాన్ని చిన్న దువ్వెనతో దువ్వుకోవడం, పెళ్ళైన కొత్తలో ఆ దువ్వెన తను దాచేయడం, అన్నీ గుర్తొచ్చాయి. మధ్యాహ్నం ఆ వేళకు ఆయనకు ఫోన్ చేసేది ఈ లోకంలో తనొక్కతే. మరి ఈ పాట ఎవరి కోసం?

ఆ ఆదివారం ఆవిడకు డ్యూటీ పడి ఆరాధనకు వెళ్ళలేదు. ప్రకటన వినలేదు.

సాయంత్రం ఇంట్లో, చపాతీలు వత్తుతూ, గోడ వైపు చూస్తూ అంది: "పాట బాగుందండీ."

యేసుదానం గారి ముఖం వికసించింది. "విన్నావా? ఎప్పటినుంచో అనుకుంటున్నాను. ఇప్పటికి కుదిరింది."

"ఎప్పటినుంచో అనుకుంటున్నారా?" ఆవిడ చేతిలో అప్పడాల కర్ర నెమ్మదించింది.

"మరి? ఆ పాట వింటే నాకు ఒళ్ళు పులకరిస్తుంది. ఒంటరిగా ఉన్నప్పుడు కళ్ళు మూసుకుని అదే పాడుకుంటాను."

"ఛీ. ఈ వయసులో."

"వయసుతో పనేముంది సరళా! వయసు పెరిగే కొద్దీ లోతు తెలుస్తుంది."

ఆ రాత్రి చపాతీల మీద నెయ్యి పడింది. మర్నాడు ఆవిడ మూల మీది పూల దుకాణంలో మల్లెలు కొని జడలో పెట్టుకుంది. అక్సా ముక్కు ఎగబీల్చి, "మమ్మీ, షాదీ హై క్యా కిసీ కీ?" అని ఎవరి పెళ్ళో అడిగింది. మధ్యాహ్నాల్లో ఆవిడ ఫోన్ చేసి, పాట విని, "తిన్నారా" అనే మాటను ఎన్నడూ లేని రాగంతో అనేది. ఆ రాగానికి యేసుదానం గారి దగ్గర నంబరు లేదు. ఎవరో తలుపు తీసి వెలుగు లోపలికి రానిచ్చినట్టు ఉండేది, అంతే.

ఈస్టరు వారం బుధవారం నాడు ఆయన ఫోన్ ఇంట్లో మరిచిపోయి ఫ్యాక్టరీకి వెళ్ళారు. బస్సులో పోయిందో, ఇంట్లో ఉందో తెలియక, గేటు పక్కనున్న పీసీఓలోకి వెళ్ళి తన నంబరు తనే నొక్కారు. ఇంట్లో ఉంటే సరళ ఎత్తుతుంది, ఇవాళ ఆవిడకు సెలవు.

డోలక్. వాన. ఆయాసం.

"క్షమించాలమ్మా, రాంగ్ నంబర్" అని పెట్టేశారు. మళ్ళీ ఒక్కో అంకె పెదాలతో పలుకుతూ నొక్కారు. మీసం మీద చినుకు. తుడుచుకోకు. హాయ్ హాయ్. ఈసారి పెట్టలేదు. ప్రతి "హాయ్"కీ ఆయన తలలో ఒక ముఖం వెలిగింది. కమిటీ ప్రెసిడెంటు. సండే స్కూలు పిల్లలు. ఛాయాదేవి ఆంటీ. ఊపిరి బిగబట్టుకున్న ఆ పశ్చాత్తాపాలన్నీ. ఫోన్ ఎవరూ ఎత్తలేదు. సరళ కూరగాయలకు వెళ్ళినట్టుంది. పాట చివరిదాకా సాగింది. పీసీఓ కుర్చీలో మనిషి బల్ల మీద వేళ్ళతో తాళం వేస్తూ, "బఢియా గానా హై అంకుల్, కిస్కా నంబర్ హై?" అని, ఆ నంబరు ఎవరిదో అడిగాడు.

యేసుదానం గారు డబ్బులిచ్చి బయటికొచ్చారు. శనివారం అంకయ్యగారు ఫోన్ చేస్తారు. చినుకు వింటారు. ఇక ఈస్టరు పొద్దున తను నిలబడే చోటు నుంచి డుగుడుగు డుగుడుగు.

సాయంత్రం ఇంటికి రాగానే బూట్లు కూడా విప్పకుండా సోఫా మీద కూర్చుని కంపెనీకి ఫోన్ చేశారు. అదే తేనె గొంతు. పాట మార్చాలంటే మూడు నొక్కమంది. నొక్కారు. కొత్త పాట నంబరు నొక్కమంది.

"కొత్త పాట వద్దమ్మా. పాత ట్రింగ్ ట్రింగ్ ఇప్పించు."

"క్షమించండి. మీరు నొక్కిన అంకె సరైనది కాదు."

"నేనేమీ నొక్కలేదు తల్లీ!"

"క్షమించండి."

"క్షమించాను. పాట తియ్యి."

"కొత్త పాట నంబరు నొక్కండి."

ఒకసారి పొరపాటు పడి ఉంటుంది, పాపం, ఆమె కూడా మనిషే కదా అనుకుని, రెండు వందల పదిహేడు నొక్కారు. అది మౌనంగా ప్రభువు పాదాల దగ్గర కూర్చునే పాట. ఆప్కీ పసంద్ లాజవాబ్ హై. అక్సాను పిలిచి ఆ పిల్ల సెల్ నుంచి తన నంబరుకు చేయించి చూశారు. ఫోన్ చెవికి పెట్టుకున్న అక్సా భుజాలు వాటంతటవే ఎగరడం మొదలెట్టాయి.

"భాంగ్డా హై డాడీ! ట్రాక్టర్ వాలా!"

నలభై నొక్కారు. తాగుబోతు పాట, ప్రతి వరుసకూ మధ్య ఎక్కిళ్ళు. మూడు వందల ఆరు నొక్కారు. పిల్లి, కుక్క కలిసి పాడే పాట. పుస్తకంలో తన ప్రాణంగా చూసుకున్న దీపాలు ఒక్కొక్కటే ఎవరో ఊది ఆర్పి, వాటి చోట్లో రంగు బల్బులు తగిలిస్తున్నట్టుంది. మనిషితో మాట్లాడాలంటే తొమ్మిది నొక్కమంటే తొమ్మిది నొక్కారు. వీణ మోగింది. వీణ ఆగి, "మా ప్రతినిధులందరూ తీరిక లేకుండా ఉన్నారు, మీ ఫోన్ మాకెంతో విలువైనది" అని, మళ్ళీ మొదటికి తెచ్చి వదిలింది. చివరికి "వెనకటి పాటకు వెళ్ళుటకు సున్నా" అంటే ఆశగా సున్నా నొక్కి, ఇంకా వెనక్కి, ఇంకా వెనక్కి పోయారు.

అక్సా మళ్ళీ చేసి, విని చెప్పింది. "మూఛ్ వాలా వాపస్ ఆ గయా." మీసం పాటే తిరిగొచ్చింది.

"నీకు ముందే తెలుసా?"

"సబ్‌కో పతా హై డాడీ, అందరికీ తెలుసు. నేను అనుకున్నా, యూ ఆర్ బీయింగ్ కూల్."

వంటింటి గుమ్మంలో సరళకుమారి ఎప్పటినుంచి నిలబడి ఉందో. జడలో మల్లెలు సాయంత్రానికి కొంచెం వడలి ఉన్నాయి.

"అయితే ఆ పాట మీరు పెట్టింది కాదా?"

"నేనెందుకు పెడతాను సరళా? నేను నూట ముప్పై ఒకటి పెడితే ఆ యంత్రం ఈ దరిద్రం పెట్టింది!"

"అలాగా." ఆవిడ వంటింట్లోకి తిరిగింది. "నేనేదో అనుకున్నాలెండి. అన్నానికి రండి."

ఆ రోజు కూర ఎనభై తొమ్మిది. ఆయన ముద్ద మింగారు గానీ నంబరు చెప్పలేదు. చెప్పినా ఆవిడ నూట పదహారు అనేలా లేదు. నిద్రపోయే ముందు ఆయనకు చపాతీల మీద నెయ్యి, మల్లెలు, "తిన్నారా" అనే ఆ రాగం అన్నీ వరసగా గుర్తొచ్చి, మెల్లగా, చీకట్లో, ఒక్కొక్కటే అర్థమయ్యాయి.

గురువారం సాయంత్రం ఆయన నథానియేలు ఇంటి తలుపు కొట్టారు. తన పదవికి పోటీ వచ్చిన కుర్రాడి గుమ్మం తొక్కడానికి ఆయన ఎన్ని మెట్ల దగ్గర ఆగారో ఆ మెట్లకే తెలుసు. కానీ సంఘంలో యంత్రాల భాష తెలిసింది వాడొక్కడికే.

"రండంకుల్, కూర్చోండి. చాయ్?"

"చాయ్ తర్వాత. నా ఫోన్ సంగతి నీకు తెలుసా?"

నథానియేలు కిటికీలోంచి బయటికి చూశాడు. "ఏ సంగతంకుల్?"

"నవ్వొస్తే నవ్వేయ్. బుగ్గలు పగిలేట్టున్నాయి."

వాడు నవ్వేశాడు. చాలాసేపు నవ్వి, కళ్ళు తుడుచుకుని, "సారీ అంకుల్. మా ఆఫీసులో అయితే రోజూ లంచ్‌లో స్పీకర్ పెట్టి..." అని ఆగాడు.

"అందుకేనా రోజూ ఒంటిగంటకు ఇరవై మంది పశ్చాత్తాపపడేది!"

"మీరు చివర్లో ఆమేన్ అంటారు చూడండి, దానికే అందరూ వెయిటింగ్."

"అంకయ్యగారికి చెప్పలేదు కదా?"

"అంకుల్! పాటలో పోటీ పడతాను గానీ పితూరీలు చెప్పను."

యేసుదానం గారు మొదటిసారి వాడిని పరీక్షగా చూశారు. "సరే. ఆ మహాతల్లి నుంచి నన్ను విడిపించు. నీకిలాంటివి తెలుసంటగా."

"తెలియడమేంటంకుల్, మా కంపెనీ చేసేదే ఈ పని. ఒకటి నొక్కండి, రెండు నొక్కండి, అవన్నీ మేమే రాస్తాం."

"నువ్వా!" యేసుదానం గారు లేచి నిలబడ్డారు. "దాని నోట్లో ఆ మాటలు పెట్టేది నువ్వేనా?"

"ఇది వేరే కంపెనీవాళ్ళదంకుల్, మాది ఇంకా ఘోరంగా ఉంటుంది. కూర్చోండి. సాయం చేస్తాను. కానీ ఈస్టరుకు ఒక్క పాటకు తాళం."

"అది బేరమా?"

"విన్నపం."

యేసుదానం గారు మీసం దువ్వుకున్నారు. "ఒక్కటంటే ఒక్కటే. నంబరు నేను చెప్తాను."

నథానియేలు ఫోన్ కలిపి ఆయన చేతికిచ్చాడు. "ఇప్పుడు అది ఏం చెప్పినా ఏమీ నొక్కకండి."

"ఏమీ నొక్కకపోతే?"

"మాట్లాడకండి కూడా. మౌనంగా ఉండండి. నంబర్లు నొక్కేవాళ్ళను యంత్రం తనలో తిప్పుకుంటూనే ఉంటుంది. ఏమీ నొక్కనివాడు పాతకాలం తిప్పుడు ఫోన్‌లోంచి చేస్తున్నాడనుకుని మనిషికి అప్పజెప్తుంది."

తేనె గొంతు అడిగింది. ఆయన పలకలేదు. మళ్ళీ అడిగింది. క్షమించండి అంది. పలకలేదు. ఇద్దరి మధ్యా ఆ నిశ్శబ్దం పొడుగ్గా, శుభ్రంగా, ఉతికి ఆరేసిన తెల్ల దుప్పటిలా ఊగింది. జీవితంలో ఇంత మంచి రెండు వందల పదిహేడు ఆయన ఎప్పుడూ పాడలేదు. వీణ మోగింది, ఆగింది. ఆ తర్వాత ఒక మగ గొంతు, తేనె లేనిది, కొంచెం జలుబు చేసినది, "హాఁ జీ, బోలియే" అంది.

"బాబూ! నువ్వు మనిషివేనా?"

"శాయద్" అన్నాడా కుర్రాడు, ఏమో కావచ్చన్నట్టు.

యేసుదానం గారు సంగతంతా హిందీలో చెప్పుకున్నారు. అవతల కీబోర్డు టకటకమంది. పాట తీసేస్తాను, ఇప్పుడే పోతుంది, అందరికీ మామూలు ట్రింగ్ ట్రింగే వినిపిస్తుంది అన్నాడు. ఆయన కళ్ళు మూసుకున్నారు.

"ఇంకేమైనా సేవ కావాలా సర్?"

యేసుదానం గారు నథానియేలు వైపు చూసి, లేచి, ఫోన్‌తో బాల్కనీలోకి వెళ్ళి తలుపు దగ్గరకు వేశారు. కింద పార్కులో వేపచెట్లు ఆకులు రాల్చి కొత్త చిగుళ్ళతో ఉన్నాయి.

"బాబూ. ఒక్క నంబరుకు మాత్రం ఆ పాట వినబడేలా చెయ్యగలవా?"

"హో జాయేగా. ఏ నంబరు?"

ఆయన గొంతు తగ్గించి డ్యూటీ రూము నంబరు చెప్పారు.

శుక్రవారం గుడ్ ఫ్రైడే ఆరాధనలో గడిచింది. శనివారం పొద్దున్నే సరళకుమారి డ్యూటీకి వెళ్ళింది. ఆయన ఏమీ చెప్పలేదు. మధ్యాహ్నం ఫోన్ చేస్తే తనే వింటుంది. ఫోన్‌ను బల్ల మీద పెట్టుకుని, దాని ఎదురుగా ఇస్త్రీ చొక్కా వేసుకుని కూర్చున్నారు. ఇక అంకయ్యగారు స్టేషన్ నుంచి ఎప్పుడు చేసినా భయం లేదు. ట్రింగ్ ట్రింగ్.

అంకయ్యగారు రైలు దిగారు. సెల్‌ఫోన్ ఉంది గానీ, ఢిల్లీలో రోమింగని జేబులోంచి తియ్యలేదు. రెండు రోజుల ప్రయాణంలో కాళ్ళు వాచాయి. ఢిల్లీ వచ్చినప్పుడల్లా సరళమ్మ చేత బీపీ చూపించుకోవడం ఆయనకు అలవాటు. స్టేషన్ నుంచి ఆటో ఎక్కి తిన్నగా ఆసుపత్రికి వెళ్ళారు. సరళకుమారి వార్డులో ఇంజెక్షన్ ఇస్తోంది. వేరే నర్సు ఆయన్ను డ్యూటీ రూములో కూర్చోబెట్టింది. బల్ల మీద, ఖర్చు లేని ఫోన్ ఒకటి నల్లగా మెరుస్తూ కనబడింది.

మయూర్ విహార్‌లో బల్ల మీది ఫోన్ మోగింది. డ్యూటీ రూము నంబరు. ఇంకా భోజనం వేళ కాలేదే అనుకున్నారు యేసుదానం గారు. ఎత్తలేదు. మీసం దువ్వుకున్నారు. పాట ఎక్కడిదాకా వచ్చి ఉంటుందో ఇప్పుడాయనకు తెలుసు. వాన. డోలక్. మీసం. ఒకటో హాయ్. రెండో హాయ్. మొదటి చరణం అయ్యేదాకా మోగనిచ్చి, ఎత్తి, ఎన్నడూ లేనంత మెత్తగా అన్నారు:

"విన్నావా, చినుకూ?"

అవతల కుర్చీ కిర్రుమంది.

"విన్నానయ్యా" అన్నారు అంకయ్యగారు.

యేసుదానం గారి చేతిలోంచి ఫోన్ జారి సోఫా మీద పడింది. అది అక్కడినుంచే మాట్లాడుతోంది. "రెండో చరణం రాబోతుంటే ఎత్తేశావేంటయ్యా? యేసుదానం? ఉన్నావా? ఏమోయ్?"

ఆయన ఫోన్ తీసి, లేచి నిలబడి, "వందనాలయ్యగారూ" అన్నారు.

అప్పుడే డ్యూటీ రూములోకి వచ్చిన సరళకుమారి, అయ్యగారి చేతిలో రిసీవరు, ఆయన ముఖంలో వెలుగూ చూసింది. "ఏమైందయ్యగారూ?"

"ఏమీ లేదమ్మా. మీ ఆయన నీకోసం ఏదో పెట్టాడు. పొరపాటున నాకు తగిలింది." ఆయన రిసీవరు పెట్టేసి కుర్చీలోంచి లేచారు. "నువ్వొకసారి చెయ్యి. నేను వరండాలో కూర్చుంటాను. బీపీ తర్వాత చూద్దువుగాని, ఇప్పుడు చూస్తే ఎక్కువ చూపిస్తుంది."

సాయంత్రం ఛాయాదేవి ఆంటీ ఇంట్లో కమిటీ కూర్చుంది. అంకయ్యగారు రెండు వైపులా విన్నారు. సినిమా బాణీల వల్ల సంఘానికి కలిగే నష్టాల గురించి యేసుదానం గారు ఈసారి చాలా క్లుప్తంగా మాట్లాడారు. అంకయ్యగారు టీ తాగి, కప్పు దించి, "పాట ఎత్తేది యేసుదానమే" అన్నారు. "తాళం వేసేది ఈ అబ్బాయి. ఇద్దరూ పక్కపక్కనే నిలబడండి. కానీ మొదటి పాట నంబరు నేను చెప్తాను. నూట ముప్పై ఒకటి."

"అయ్యగారూ! ఈస్టరునాడు అది ఏడుపు పాట కదండీ."

"ఢిల్లీలో ఇప్పుడది ఏడుపు పాట కాదంట కదా. సరళమ్మ చెప్పింది, వార్డు బయట నర్సమ్మలూ చెప్పుకుంటున్నారు."

ఆదివారం తెల్లవారుజామున స్కూలు మైదానంలో తెలుగు సంఘం దుప్పట్లు పరుచుకుని కూర్చుంది. తూర్పున ఫ్లాట్ల మీది నీళ్ళ ట్యాంకుల వెనక ఆకాశం పాలపొంగులా లేస్తోంది. ఎక్కడినుంచో తప్పిపోయి వచ్చిన చిన్న మబ్బు ఒకటి మైదానం మీద నాలుగు చినుకులు చల్లింది. యేసుదానం గారు ముందుకొచ్చారు. పక్కన నథానియేలు, మీట మీద వేలు పెట్టుకుని.

"మొదటి పాట" అన్నారాయన. గొంతు సవరించుకున్నారు. "నూట ముప్పై ఒకటి."

ఎవరూ నవ్వలేదు. నవ్వకుండా ఉండటానికి వంద మంది పడుతున్న కష్టం మైదానమంతా కనబడింది. పిల్లలు మోకాళ్ళలో ముఖాలు దాచుకున్నారు. కమిటీ ప్రెసిడెంటు బైబిలును తలకిందులుగా తెరిచారు. అప్పుడు ఛాయాదేవి ఆంటీ వెనక వరుసలోంచి, పక్కావిడతో, అందరికీ వినబడేలా గుసగుసలాడింది: "ఆ పిల్లకు జలుబు తగ్గిందో లేదో."

ఇక ఆగలేదు. మొదట నవ్వింది అంకయ్యగారు. ఆ నవ్వు దుప్పటి నుంచి దుప్పటికి పాకి, యేసుదానం గారి దాకా వచ్చింది. ఆయన కాసేపు నిటారుగా నిలబడి చూశారు. తర్వాత ఆయన భుజాలు కూడా కదిలాయి.

నవ్వు తగ్గాక ఆయన కళ్ళు మూసుకుని పాట ఎత్తుకున్నారు. దాని కింద, మెల్లగా, అణకువగా, డుగుడుగు మొదలైంది. ఆయన చెయ్యెత్తి ఆపలేదు. ఒక చినుకు వచ్చి ఆయన మీసం మీద వాలింది. మూడో వరుసలో, జడలో కొత్త మల్లెలతో కూర్చున్న సరళకుమారి అది చూసింది. ఆవిడ చూడటం కనురెప్పల సందులోంచి ఆయనా చూశారు.

పాట చివరిదాకా ఆయన దాన్ని తుడుచుకోలేదు.